నా జబ్బు తగ్గించింది మేక కాదు

మిరప కల్లంలో దగ్గని మనిషి ఉండదు. ఎండిన కాయల్లోంచి తాలు ఏరుతుంటే ఘాటు ముక్కుకీ గొంతుకీ ఎక్కుతుంది. ఆడామగా అందరూ దగ్గుతూనే పని చేస్తారు, దగ్గుతూనే కబుర్లు చెప్పుకుంటారు. అందుకే ఆ ఏడు నా దగ్గు ఎవరికీ వినపడలేదు, నాతో సహా. తేడా తెలిసింది ఒక ఆదివారం. చర్చిలో అయ్యగారు ప్రార్థన చేస్తున్నారు. నాకు దగ్గు తెర వచ్చింది. పైట అడ్డం పెట్టుకున్నా ఆగలేదు. కళ్లు మూసుకుని ఉండాల్సిన వాళ్లంతా కళ్లు తెరిచి నన్ను చూశారు. ఇక్కడ మిరపకాయల్లేవు కదా, మరి నేనెందుకు దగ్గుతున్నాను అని అప్పుడు అనిపించింది. బయటికొచ్చి పైట చూసుకుంటే ఎర్రటి చార కనపడింది.

నా పేరు సుగుణ. మాది అద్దంకి వైపు నల్లరేగడి ఊరు. నా భర్త ప్రభుదాసు, నేను కౌలుకు మిరప, పత్తి వేసేవాళ్లం. మా అత్త మార్తమ్మ మాతోనే ఉంటుంది. కూతురు గ్రేసు అప్పుడు ఒకటో తరగతి. ఇది ఎనభైల్లో మాట, ఊరంతా పత్తి మీద పడ్డ రోజులు. నేను పదో తరగతి దాకా చదివాను కాబట్టి ఇది నేనే రాస్తున్నాను. ఇంకొకళ్లు రాస్తే మేకను పొగుడుతారని భయం.

ఊళ్లో ఆర్.ఎం.పి. డాక్టరు "ఘాటుకి గొంతు గీసుకుపోయిందమ్మా" అని సిరప్ ఇచ్చాడు. సిరప్ అయిపోయింది, దగ్గు అయిపోలేదు. సాయంత్రమైతే ఒళ్లు వెచ్చబడేది. చేతి గాజులు మోచేతి దాకా జారుతుంటే అత్త "సరిగ్గా తినవు గదా" అని నన్నే తిట్టేది. చివరికి ప్రభుదాసు నన్ను బస్సెక్కించి టౌనుకి తీసుకెళ్లాడు.

టీబీ క్లినిక్‌లో డాక్టరమ్మ కళ్లజోడు పైనుంచి చూసి అడిగింది.

"ఎన్నాళ్ల నుంచి దగ్గు?"

"మిరపకాయలు ఎండేసినప్పట్నుంచండీ."

"అంతకు ముందు?"

ఆలోచించాను. అంతకు ముందు పత్తి తీత. పత్తి దుమ్ముకీ దగ్గుతాం.

"అంతకు ముందు కూడానండీ."

"పుట్టిల్లెక్కడ?"

"పిడుగురాళ్లండీ. మా నాన్న సున్నం బట్టీలో చేసేవాడు."

"బాగుంది. దగ్గడానికి అన్ని చోట్లా నీకో కారణం దొరికిందన్నమాట," అంది. కఫం పరీక్షకి పంపింది, ఎక్స్‌రే తీయించింది. మళ్లీ వెళ్లినప్పుడు ఆ ఫిల్మును కిటికీ వెలుతురుకి పట్టుకుని చూపించింది. "రైట్ అప్పర్ లోబ్‌లో క్యావిటీ ఉంది, అంటే కుడి ఊపిరితిత్తికి పైన చిల్లు. స్పుటమ్ పాజిటివ్, కఫంలో పురుగుంది. టీబీ. భయపడొద్దు, మందుంది."

నా భర్తకి 'టీబీ' అన్న మాట వినపడింది. నాకు 'మందుంది' అన్న మాట వినపడింది. తర్వాత మా ఇంట్లో జరిగిన గొడవంతా ఈ రెండు మాటల మధ్యే.

రోజూ స్ట్రెప్టోమైసిన్ ఇంజెక్షను, దాంతో మాత్రలు. ఇంజెక్షన్లు అయ్యాక కూడా మాత్రలు ఏడాది దాటి వాడాలని చెప్పింది. దగ్గేటప్పుడు గుడ్డ అడ్డం పెట్టుకోవాలి, మూత ఉన్న డబ్బాలోనే ఉమ్మాలి, దాన్ని కాల్చెయ్యాలి. పాలు, గుడ్లు తినాలి. గాలీ వెలుతురూ ఉన్న చోట పడుకోవాలి. మేక సంగతి ఆమె ఎత్తలేదు. అది మా అత్త వైద్యం.

"మా మేనమామకి ఇట్టాగే వస్తే మేకల కొట్టంలో మంచమేశారు," అంది అత్త. "మేక వాసనకి క్షయ పురుగు చచ్చుద్ది. ఆయన ముసలాడయ్యేదాకా బతికాడు."

"ఆయన మందులేం వాడలా?"

"అప్పుడు మందులేడ్చినయ్యా?"

మాకు మేకల్లేవు. ఎద్దుల్ని అమ్మేశాక ఖాళీగా ఉన్న కొట్టం ఒకటి పెరట్లో ఉంది. దాన్ని ఊడ్చి, సున్నం వేసి, నా మంచం అక్కడ వేశారు. ప్రభుదాసు స్నేహితుడి మందలో తల్లి చచ్చిపోయిన మేకపిల్ల ఉంటే అడిగి తెచ్చాడు. అదీ దోసిట్లో పట్టేంత. మంద కావాల్సిన చోట ఒక్క పిల్ల. వైద్యమే అనుకున్నా డోసు చాలా తక్కువ.

ఉన్నమాట చెప్తాను. నా మంచం కొట్టంలో వేసింది వైద్యం కోసం కాదు. భయంతో వేశారు. భయమని ఒప్పుకోవడానికి నామోషీ కాబట్టి దానికి వైద్యమని పేరు పెట్టారు. నాకు సత్తు పళ్లెం, సత్తు గ్లాసు విడిగా పెట్టారు. పెరట్లో బట్టలుతికే బండ ఉంది. అది దాటి నేను ఇటు రాకూడదు, గ్రేసు అటు రాకూడదు. పిల్లకి అంటుకోకూడదని నాకూ ఉంది. కానీ ఎన్నాళ్లని డాక్టర్ని అడగాలన్న ఆలోచన ఒక్కరికీ రాలేదు. అడగకుండానే జీవితకాలం శిక్ష వేశారు. నాకు కోపం వచ్చింది. ఆ కోపం ఇప్పటికీ ఉంది, దాచుకోను.

మేకపిల్లకి గ్రేసు చిన్నప్పటి పాలసీసాతో పాలు పట్టాను. నాకని పంపిన పాలల్లోంచే పట్టాను. నాలుగు రోజులకి కాళ్లు నిలదొక్కుకుంది. వారం తిరిగేసరికి బట్టలుతికే బండ ఎక్కి, అటు దూకి, ఎవర్నీ అడక్కుండా నేరుగా ఇంట్లోకి నడిచి వెళ్లింది. ఆ నడక చూసి 'దొరసాని' అని పేరు పెట్టాను. నాకు లేని హక్కు దానికుంది మరి.

గ్రేసు జడ వెయ్యకుండా ఉండటం నాకు అన్నిటికన్నా కష్టంగా ఉండేది. కొట్టం పక్కన కనకాంబరాల చెట్లున్నాయి. పూలు కోసి, మాల కట్టి, దొరసాని మెడకి చుట్టి వదిలేదాన్ని. అది తిన్నగా గ్రేసు దగ్గరికి పోయేది. పిల్ల ఆ మాల విప్పి జడలో పెట్టుకుని, బండకి అవతల నిలబడి తల తిప్పి చూపించేది. ఒకసారి బడిలో రాసిన కాగితం దాని మెడకి కట్టి నాకు పంపింది. మేకకి కాగితం అప్పగిస్తే ఏమవుతుంది? సగం దారిలో నమిలేసింది. తర్వాత్నుంచి పిల్ల తన పాత రిబ్బను కట్టి పంపేది.

"ఎవురిచ్చారే ఆ పూలు?" అని అత్త ఒకరోజు నిలదీసింది.

"దొరసాని ఇచ్చింది నాయనమ్మా."

అత్త నా వైపు చూసింది. నేను ఆకాశం వైపు చూశాను. ఎందుకో ఆమె మాల తీసెయ్యలేదు.

ప్రభుదాసు తీరు ఇంకోలా ఉండేది. మొదట్లో కొట్టం దరిదాపుల్లోకి వచ్చేవాడు కాదు. మేక పెరిగాక అవిశాకు కోసుకొచ్చే పని పెట్టుకున్నాడు. ఆకు వేసి, గుంజకి ఆనుకుని, నా మొహం చూడలేక మేకతో మాట్లాడేవాడు.

"ఏమే దొరసానీ, మందేసుకున్నావా?"

"వేసుకుందంట," అనేదాన్ని నేను.

"సూది నొప్పెట్టిందా?"

"నొప్పికేం గాని, చెవుల్లో కీచురాళ్లు మోగుతున్నయ్యంట. డాక్టరమ్మతో చెప్పమంటుంది."

"చెప్తాలే," అని మేక తల నిమిరి వెళ్లేవాడు. వెళ్లి నిజంగానే చెప్పాడు, డాక్టరమ్మ డోసు తగ్గించింది. పెళ్లైన ఇన్నేళ్లలో మేమిద్దరం అంత తీరిగ్గా మాట్లాడుకున్నది ఆ మేక మధ్యనున్నప్పుడే.

ఇక అత్త. ఒక పొద్దున ఆమె బండ మీద కూర్చుని గంజి తాగుతుంటే దొరసాని వెళ్లి గిన్నెలో మూతి పెట్టింది. ఆమె "ఛీ దొంగముండా" అని నవ్వుతూ దాని మూతి చేత్తో తుడిచి, మిగిలిన గంజి తాగేసింది. అప్పటిదాకా అది నా పక్కన పడుకుని, నా గ్లాసులో నీళ్లు తాగి, నా చెయ్యి నాకి వెళ్లిందే. ఇంక ఊరుకోలేకపోయాను.

"అత్తా, అది నా ఎంగిలి తాగొచ్చింది. దాని ఎంగిలి నువ్వు తాగావు. నా గ్లాసు మాత్రం పుల్లతో నెడతావా?"

"అది నోరులేని జీవమే."

"నాకు నోరుందనా రోగం అంటుకునేది?"

ఆమె గిన్నె పట్టుకుని లోపలికి వెళ్లిపోయింది. ఆ మధ్యాహ్నం అన్నం పళ్లెం బండ మీద వదిలేసి పోకుండా కొట్టం గడప దాకా తెచ్చింది. పెట్టి, "కూరలో ముక్క ఉడికిందో లేదో చూడు," అని వెళ్లింది.

ఇంజెక్షన్లు అయిపోయాయి. దగ్గు ఆగింది. ఒంట్లో కండ పట్టింది, గాజులు మళ్లీ మణికట్టు దగ్గర నిలబడ్డాయి. ఇక్కడే మా వాళ్లు బోల్తా పడ్డారు. మందు పనిచేసిందని ఎవరూ అనుకోలేదు. మేక పనిచేసిందనుకున్నారు.

మా చర్చిలో మేలు జరిగినవాళ్లు లేచి నిలబడి సాక్ష్యం చెప్పడం ఆనవాయితీ. అత్త లేచింది. "నా కోడలికి క్షయ వస్తే దేవుడు మేకపిల్ల రూపంలో వైద్యం పంపాడు. పూర్తిగా తగ్గింది. వచ్చే పంట పండుగకి ఆ మేకను దేవుడికి అర్పిస్తానని మీ అందరి ముందూ మాటిస్తున్నా," అంది. అందరూ ఆమేన్ అన్నారు. నా జబ్బు గురించి సాక్ష్యం, నా మేక గురించి మొక్కు, నన్ను మాత్రం ఎవరూ అడగలేదు. నేనింకా కొట్టంలోనే ఉన్నాను.

ఆ వారం నుంచి మాత్రలు రావడం తగ్గింది. "పత్తికి మందు కొట్టాలి, ఈసారికి క్లినిక్కి పోలేను," అన్నాడు ప్రభుదాసు. తర్వాత "తగ్గింది గదా, ఇంకా ఆ వేడి మందులెందుకు?" అన్నాడు. "డాక్టరమ్మ ఏడాది పైన అంది," అన్నాను. "డాక్టరమ్మకేం తెలుసు మేక సంగతి?" అంది అత్త. చీడ పట్టిన పత్తికి వారం వారం మందు కొట్టకపోతే పంట పోతుందని తెలిసిన మనుషులే, నా ఊపిరితిత్తులకి ఒక్క విడత చాలనుకున్నారు.

వానలు ముదిరేసరికి సాయంత్రం జ్వరం తిరిగొచ్చింది. తర్వాత దగ్గు. ఒక పొద్దున ఈసారి చార కాదు, గుక్కెడు రక్తం పడింది. దొరసాని తాడు తెంపుకుని ఇంట్లోకి పరిగెత్తి అరిచిందని, అది చూసి వచ్చారని అత్త ఇప్పటికీ చెప్తుంది. అది ఆకలికి అరిచిందని నా నమ్మకం. ఏదైతేనేం, వచ్చారు.

డాక్టరమ్మ కొత్త ఎక్స్‌రే, పాత ఎక్స్‌రే పక్కపక్కన పెట్టింది. "ఎవరు మానమన్నారు?"

ప్రభుదాసు తల దించుకుని చెప్పాడు. "మేక వాసనకి తగ్గిందనుకున్నామండీ."

ఆమె నవ్వలేదు. "చూడవయ్యా, మందు మొదలెట్టిన రెండు మూడు నెలలకి ఎవరికైనా తగ్గినట్టే ఉంటుంది. లోపల పురుగు చావదు, అణిగి ఉంటుంది. మధ్యలో ఆపితే మొండికేస్తుంది. రెసిస్టెన్స్ అంటాం. అప్పుడు నా దగ్గర కూడా మందుండదు. ఈసారి రిఫాంపిసిన్ ఇస్తున్నాను. ఇది కూడా మానేస్తే ఆమెను మళ్లీ నా దగ్గరికి తీసుకురావద్దు."

"మేకను తోలేస్తామండీ," అన్నాడు.

"మేక మీద నాకేం కోపం లేదు. ఉంచుకోండి. మందు అనుకోకండి, అంతే."

నేను అడగాల్సింది అడిగాను. "నా పిల్లని ఎన్నాళ్లు దూరం పెట్టాలండీ?"

"ఎవరు పెట్టమన్నారు ఇన్నాళ్లు? మందు సరిగ్గా పడితే కొన్ని వారాలకే అంటుకోవడం తగ్గుతుంది. స్పుటమ్ నెగెటివ్ వచ్చిందంటే పిల్లని ఒళ్లో కూర్చోబెట్టుకో. ఒకే కంచంలో తిను. పాపను ఒకసారి తీసుకురా, పరీక్ష చేస్తాను." గ్రేసుకి చేతి మీద చేసిన టెస్టులోను, ఎక్స్‌రేలోను ఏమీ లేదని తేలింది.

బస్సులో ప్రభుదాసు నా పక్కన కూర్చున్నాడు. వెళ్లేటప్పుడు ముందు సీట్లో కూర్చున్న మనిషే. "ఇంక మేకనడగను. నిన్నే అడుగుతా," అన్నాడు.

"అడుగు. తప్పితే ఒప్పుకోను," అన్నాను.

కొత్త మాత్రలు పరగడుపున వేసుకోవాలి. కడుపులో తిప్పేది. మూత్రం ఎర్రగా వస్తోందంటే అత్త రక్తమని హడలిపోయింది. అది మందు రంగని డాక్టరమ్మ ముందే చెప్పింది. నేనొక పద్ధతి పెట్టుకున్నాను. పొద్దున్నే దొరసానిని విప్పే ముందు మాత్ర. మాత్ర పడందే తాడు విప్పను. ఆలస్యమైతే అది ఊరుకుంటుందా? కొట్టం కప్పు ఎగిరేలా అరిచేది. ఆ అరుపుకి ప్రభుదాసు లేచొచ్చి "వేసుకున్నావా?" అనేవాడు. ఈసారి నన్నే చూస్తూ.

మిరప పండే వేళకి స్పుటమ్ నెగెటివ్ వచ్చింది. ఆ చీటీ పట్టుకుని బట్టలుతికే బండ దాటి ఇంట్లోకి నడిచాను. "ఇవాళ్టి నుంచి నా మంచం ఇక్కడ," అన్నాను. గ్రేసు వచ్చి నా నడుం చుట్టేసుకుని వదల్లేదు. నేనూ ఏడ్చాను. ఆ పిల్ల జడ విప్పి, చిక్కు తీసి, మళ్లీ వేశాను. వంకరగా వచ్చింది, చేతి అలవాటు తప్పింది కదా.

అత్త మంచానికి అడ్డం చెప్పలేదు. "గ్లాసు మాత్రం వేరే ఉండనీవే. నా మనసొప్పుకోవట్లా," అంది. సరే, ఆమె మనసుకి స్పుటమ్ టెస్టు ఎక్కడ చేయిస్తాను?

అంతలో పంట పండుగ వచ్చింది. ఆ రోజు ఊళ్లో క్రైస్తవులంతా పండిన దాంట్లో కొంత, కోడి, మేక, గుమ్మడికాయ, ఏదో ఒకటి చర్చికి తెచ్చి అర్పిస్తారు. ఆరాధన అయ్యాక అన్నీ వేలం వేస్తారు. మేకల్ని, గొర్రెల్ని ఎక్కువగా మాంసం కొట్టతను పాడుకుపోతాడు.

"దేవుడికిచ్చిన మాటే. నేను తప్పలేను," అంది అత్త. కళ్లలో నీళ్లున్నాయి. ఆమెకూ ఆ మేకంటే ప్రాణమే.

"నువ్వు మాట తప్పొద్దత్తా. నువ్వు ఇచ్చెయ్యి. నేను పాడుకుంటా."

"ఆడదానివి వేలం పాడతావా?"

"ఏం, గొంతు లేదా నాకు? దాని కోసమేగా ఇన్ని మాత్రలు మింగింది."

చర్చిలో నా బెంచీ మీద నాకు అటూ ఇటూ ఖాళీయే. వేలానికి దొరసానిని ముందుకి తెచ్చారు. మెడలో గ్రేసు కట్టిన కనకాంబరాల మాల. పాట మొదలైంది. మాంసం కొట్టతను పాడాడు. నేను లేచి, "ఒక బస్తా మిరపకాయలు!" అన్నాను. అంతా వెనక్కి తిరిగారు.

వేలం వేస్తున్న సంఘపెద్ద జాలిగా చూశాడు. "సుగుణమ్మా, అరిస్తే దగ్గొస్తది తల్లీ. మీ ఆయన్ని పాడమను."

"నాకు దగ్గు రాదండీ. నాకు తగ్గింది మేక వాసనకి కాదు. టౌన్లో డాక్టరమ్మ ఇచ్చిన మాత్రలకి తగ్గింది. మధ్యలో మానితే తిరగబెట్టింది, మళ్లీ వేసుకుంటే తగ్గింది. ఇదే నా సాక్ష్యం. ఆ మేక నాకు మందు కాదు, మా ఇంటి మనిషి. కొట్టతను పాడితే నేనింకా పాడతా."

అతను పెంచాడు. నేను ప్రభుదాసు వైపు చూశాను. ఆ కాయలు ఇద్దరి కష్టం. "పాడు," అన్నాడు. "బస్తాన్నర!" అని కేకేశాను. నా కేక చర్చి గోడలకి తగిలి తిరిగొచ్చింది. ఊపిరి ఎక్కడా తెగలేదు. కొట్టతను మళ్లీ నోరు తెరిచేలోపు వెనకనుంచి అత్త అరుపు వినపడింది. "రెండు బస్తాలు! మిగతా సగం నా వాటా నుంచి. ఇంకెవరైనా పాడండి చూద్దాం!"

ఎవరూ పాడలేదు. ఒకటోసారి, రెండోసారి, మూడోసారి అయ్యాయి. గ్రేసు పరిగెత్తుకెళ్లి తాడు పట్టుకుంది.

అరిచి అరిచి నా గొంతెండిపోయింది. నీళ్లు అడిగాను. చర్చి చెంబు అందరిదీ. ఇచ్చే ఆమె ఇవ్వాలా వద్దా అని చెంబు పట్టుకుని నిలబడింది. అత్త ఆమె చేతిలోంచి చెంబు లాక్కుని నాకిచ్చింది. నేను కరుచుకునే తాగాను, ఎత్తి పోసుకోలేదు. సగం తాగి దించేసరికి అత్త నా చేతిలోంచి చెంబు తీసుకుని, నేను తాగిన వైపునే నోరు పెట్టి మిగిలిన నీళ్లు గటగటా తాగేసింది. మూతి తుడుచుకుని అందరి వైపూ తిరిగింది.

"ఏంది చూస్తారు? నా కోడలికి నెగెటివ్. అంటే ఏందో తెలియకపోతే పోయి డాక్టరమ్మనడగండి!"

ఇదంతా జరిగి కొన్నేళ్లయింది. కోర్సు పూర్తయ్యేదాకా ఒక్క పూట తప్పకుండా వేసుకున్నాను. గ్రేసు ఇప్పుడు హైస్కూల్లో చదువుతోంది, జడ తనే వేసుకుంటుంది. ప్రభుదాసు, నేను మధ్యలో మేక లేకుండానే మాట్లాడుకుంటున్నాం, పోట్లాడుకుంటున్నాం. దొరసాని మూడుసార్లు ఈనింది. అత్త దాని పిల్లల్లో ఒక్కదాన్నీ దేవుడికి మొక్కుకోదు. నా సత్తు గ్లాసు కోళ్లకి నీళ్లు పెట్టడానికి వాడుతున్నాం. మిరప కల్లంలో మాత్రం నేనిప్పటికీ దగ్గుతాను, అందరిలాగే.

నాలాంటి జబ్బుతో ఉన్నవాళ్లకి ఒక్కటే చెప్తాను. డాక్టరు ఆపమనేదాకా మందు ఆపకండి. అందుకోసం మాత్రను రోజూ తప్పని పనొకదానికి ముడెయ్యండి. పాలు పితికే ముందో, పొయ్యి వెలిగించే ముందో, మేకను విప్పే ముందో. ఆ పని ముందు మాత్ర పడాలి. ఒంట్లో బాగుందనిపించిన రోజున కూడా పడాలి. తగ్గింది గదా ఇంకెందుకని ఎవరైనా అంటే, వాళ్లని మా ఊరు పంపండి. నేను మాట్లాడతాను, పక్కన మా అత్తను కూడా కూర్చోబెట్టుకుంటాను.